పటం ఎవరిది, కథ ఎవరిది: పాఠకుల ప్రశ్నలకు జవాబులు

ఈ నెల అందిన ఉత్తరాల్లో నాలుగు ఒకే విషయం చుట్టూ తిరిగాయి. ఒకటి మెల్‌బోర్న్ నుంచి వచ్చిన బహుమతితో మొదలైతే, మిగతావి మన ఇళ్ళలో, మన దుకాణాల్లో, మన గూడేల్లో తలెత్తినవి. కొందరు తరతరాలుగా కాపాడుకుంటూ వచ్చిన బొమ్మను, కథను, వేషాన్ని మరొకరు సరుకుగా మార్చి అమ్ముకోవచ్చునా అన్నదే అన్నిటిలోనూ ఉన్న సందేహం. అందువల్ల ఈసారి శీర్షికను పూర్తిగా దీనికే కేటాయిస్తున్నాను.

ప్రశ్న: మా అబ్బాయి మెల్‌బోర్న్‌లో చదువుతున్నాడు. సెలవులకు వస్తూ చుక్కల బొమ్మలు వేసిన బూమరాంగ్ ఒకటి తెచ్చాడు. దాని వెనక చేత్తో రంగులు వేసినదని రాసి ఉంది. మా బంధువొకరు చూసి, ఇది అక్కడి ఆదివాసులు చేసింది కాదు, ఇండోనేషియా సరుకు, ఇలాంటివి కొంటే వాళ్ళకు అన్యాయం చేసినట్టే అన్నారు. చేత్తో వేసిన బొమ్మ నకిలీ ఎట్లా అవుతుంది? చుక్కలు పెట్టడం మీద కూడా ఎవరికైనా హక్కు ఉంటుందా? (ఒక పాఠకురాలు, హనుమకొండ)

జవాబు: ఆ వస్తువును చూడకుండా దాని పుట్టుక నేను చెప్పలేను; అయితే మీ బంధువు అనుమానానికి ఆధారం ఉంది. ఆస్ట్రేలియాలో వినియోగదారుల చట్టాన్ని అమలు చేసే ప్రభుత్వ సంస్థ బిరూబి ఆర్ట్ అనే టోకు వ్యాపార కంపెనీ మీద కోర్టుకు వెళ్ళింది. ఆ కంపెనీ 2015 జూలై నుంచి 2017 నవంబరు వరకు బూమరాంగ్‌లు, డిజరిడూ అనే ఊదే వాయిద్యాలు, బొమ్మలు వేసిన రాళ్ళు మొదలైనవి 18,000కు పైగా అమ్మిందని, అవి ఇండోనేషియాలో తయారైనవని, లేబుళ్ళు మాత్రం అక్కడి మూలవాసులే చేశారన్న భావన కలిగించాయని విచారణలో తేలింది. 2019లో కోర్టు 23 లక్షల ఆస్ట్రేలియా డాలర్ల జరిమానా విధించింది, కానీ అప్పటికే ఆ కంపెనీ మూసివేత ప్రక్రియలో ఉంది. ఆ దేశ ఉత్పాదకతా కమిషన్ 2022లో ఇచ్చిన నివేదిక ప్రకారం, మూలవాసుల శైలిలో ఉండే జ్ఞాపికల వంటి సరుకుల మీద జనం పెట్టే ఖర్చులో సగానికి పైగా నకిలీ వస్తువులకే పోతోంది.

మీరు అడిగిన మొదటి మాట, చేత్తో వేసినది నకిలీ ఎట్లా అవుతుందన్నది, సరైన ప్రశ్న. ఎవరో ఒక కూలీ చేత్తోనే వేసి ఉండవచ్చు, ఆ మాట అబద్ధం కాకపోవచ్చు. అయితే ఆ చేతికి ఆ బొమ్మ వేసే అధికారం ఎవరిచ్చారన్నది అక్కడివాళ్ళ ప్రశ్న. అబొరిజినల్ అని పిలిచే అక్కడి మూలవాసుల సమాజాల్లో ఒక్కొక్క కథ ఒక్కొక్క నేలకు, ఒక్కొక్క వంశానికి చెందుతుంది. ఆ కథను ఎవరు గీయాలి, ఎంతవరకు బయటపెట్టాలి అన్నది పెద్దలు నిర్ణయిస్తారు. మధ్య ఆస్ట్రేలియాలోని పాపున్యా అనే చోట 1971 ప్రాంతంలో అక్కడి పెద్దలు, అంతవరకు పూజల్లో నేల మీద, ఒంటి మీద వేసుకునే గుర్తులను చెక్క పలకల మీద వేయడం మొదలుపెట్టారు. వాటిని బయటివాళ్ళు కూడా చూస్తారని తెలిశాక, చూడకూడని గుర్తులను తీసివేయడం, కొన్నిచోట్ల చుక్కలతో కప్పడం జరిగింది. అలంకారమని మనం అనుకునే చుక్క అక్కడ తెర పని కూడా చేసింది. ఉత్తరాన ఆర్న్‌హెమ్ ల్యాండ్‌లో యోల్ంగు ప్రజలు 1963లో తమ నేలలో బాక్సైట్ తవ్వకాలను వ్యతిరేకిస్తూ పార్లమెంటుకు పంపిన వినతిపత్రాలను చెట్టు బెరడు మీద అతికించి, చుట్టూ తమ వంశాల బొమ్మలు గీశారు. ఆ నేల తమదని చెప్పడానికి ఆ బొమ్మలే వాళ్ళ దస్తావేజు. మన దగ్గర ఒకరి పట్టాదారు పాసు పుస్తకాన్ని మరొకరు అచ్చు వేయించి బజారులో అమ్మితే ఆ రైతుకు ఎట్లా ఉంటుందో ఊహిస్తే, వాళ్ళ బాధ కొంతైనా మనకు అందుతుంది.

అక్కడి ప్రభుత్వ బ్యాంకే ఈ తప్పు చేసింది. 1966లో కొత్తగా వచ్చిన ఒక డాలరు నోటు వెనక వైపు డేవిడ్ మలంగి అనే చిత్రకారుడు బెరడు మీద వేసిన బొమ్మను ఆయనను అడగకుండానే వాడుకున్నారు. అది ఏనాటిదో పాత బొమ్మ, వేసినవాడు ఎవరో తెలియదు అనుకున్నారు. నిజానికి ఆయన బతికే ఉన్నాడు. విషయం బయటపడ్డాక వెయ్యి డాలర్లు, ఒక పతకం, చేపలు పట్టే సామగ్రి ఇచ్చి సరిపెట్టారు. ‘పాతది, పేరు లేనిది, కనుక అందరిదీ’ అన్న ఈ తర్కం మన దగ్గర కూడా వినిపిస్తుంది. తర్వాతి జవాబులో దాని దగ్గరకు వస్తాను.

1994లో తివాచీల కేసు అని పేరుపడిన తీర్పు వచ్చింది. కొందరు మూలవాసీ చిత్రకారుల బొమ్మలను, ప్రదర్శనశాలలు అచ్చువేసిన పుస్తకాల నుంచి తీసి వియత్నాంలో తివాచీలుగా నేయించి ఆస్ట్రేలియాకు తెచ్చి అమ్మారు. అందులో బండుక్ మరికా అనే చిత్రకారిణి బొమ్మ ఆమె వంశానికి పవిత్రమైన ఒక నీటి మడుగుకు సంబంధించినది. అది కాళ్ళ కింద వేసుకునే గుడ్డ అయింది. ఎవరో దొంగిలించి వాడుకున్నా సరే, వాళ్ళ కట్టుబాటు ప్రకారం తన వాళ్ళ ముందు జవాబుదారీ ఆమే. ఫెడరల్ కోర్టు 1,88,640 డాలర్ల పరిహారం విధిస్తూ, వ్యాపార నష్టంతో పాటు ఈ సాంస్కృతిక వేదనను కూడా లెక్కలోకి తీసుకున్నది. ఆ తీర్పులో నాకు మిక్కిలి విలువైనదిగా తోచిన సంగతి మరొకటి ఉంది: చిత్రకారులు తమ ఆచారం ప్రకారం పంచుకునేందుకు వీలుగా ఆ మొత్తాన్ని అందరికీ కలిపి ఇచ్చారు.

మీ అబ్బాయి తెలిసి చేసిన తప్పేమీ లేదు, బూమరాంగ్‌ను పారవేయవలసిన పని కూడా లేదు. ఈసారి కొనేటప్పుడు చేసిన వ్యక్తి పేరు, ఆ వ్యక్తి ఏ ప్రాంతానికి, ఏ భాషా సమూహానికి చెందినదీ దుకాణదారుని అడగమనండి. మూలవాసులే నడుపుకునే కళాకేంద్రాలు ఈ వివరాలతో ధ్రువపత్రం ఇస్తాయి. అడిగినప్పుడు చెప్పలేని దుకాణంలో కొనకుండా ఉండడమే మేలు.

ప్రశ్న: నాకు హనుమకొండ చౌరస్తా దగ్గర చిన్న బట్టల దుకాణం ఉంది. చేర్యాల బొమ్మలను సూరత్‌లో డిజిటల్ ప్రింటు వేయించి చీరలు, కుర్తాలు అమ్మాలని అనుకుంటున్నాను. కొన్ని బొమ్మలు ఇంటర్నెట్‌లో దొరికాయి, కొన్నింటిని కృత్రిమ మేధతో తయారు చేయించాను. ఇది పాత కళ, ఎవరి సొంతమూ కాదు అని నా డిజైనర్ అంటున్నాడు. నిజమేనా? (ఒక వ్యాపారి, హనుమకొండ)

జవాబు: మీ డిజైనర్ చెప్పినదానిలో చట్టానికి సంబంధించి సగం నిజముంది, సగం లేదు. చేర్యాలలో కథ చెప్పేందుకు గుడ్డ మీద గీసే పటాల్లో కనిపించే ఎర్రని నేపథ్యం, పెద్ద కళ్ళు, వరుసలుగా సాగే కథ అనే శైలి మీద కాపీరైటు ఎవరికీ లేదు. అయితే ఇంటర్నెట్‌లో మీకు దొరికిన బొమ్మ శైలి కాదు, అది ఒక మనిషి వేసిన పటం. ఆ చిత్రకారుడు జీవించి ఉన్నంతకాలం, మరణించిన తర్వాత 60 ఏళ్ళ వరకు దానిమీద కాపీరైటు ఉంటుంది. దానికి రిజిస్ట్రేషన్ ఉండాలన్న నియమం కూడా లేదు. ఆ బొమ్మను తీసి వంద చీరల మీద అచ్చువేస్తే అది ఉల్లంఘనే.

రెండవది పేరు. చేర్యాల పటాలకు భౌగోళిక గుర్తింపు (జీఐ), అంటే ఒక ప్రాంతపు సరుకుకు ఆ ప్రాంతం పేరును కాపాడే గుర్తింపు, ఉంది. ఆ గుర్తింపు కోసం 1999లో చేసిన చట్టం 2003 సెప్టెంబరు నుంచి అమలులో ఉంది. పెంబర్తి లోహశిల్పం, కరీంనగర్ వెండి తీగపని, నిర్మల్ బొమ్మలు, ఆదిలాబాద్ డోక్రా, మన కొత్తవాడ జంపఖానాలు కూడా దాని నీడలోనే ఉన్నాయి. ఆ చట్టం కాపాడేది ప్రధానంగా పేరును. సూరత్‌లో యంత్రం మీద అచ్చయిన బట్టను ‘చేర్యాల చీర’ అని అమ్మితే కొనేవాళ్ళను తప్పుదారి పట్టించినట్టే. కృత్రిమ మేధతో చేయించిన బొమ్మకూ ఇదే వర్తిస్తుంది: అది ఏ ఒక్కరి పటానికీ నకలు కాకపోవచ్చు, కానీ దాని మీద చేర్యాల పేరు వేస్తే ఆ ఊరు తరతరాలుగా సంపాదించుకున్న నమ్మకాన్ని మీరు ఉచితంగా వాడుకున్నట్టు. ఈ చట్టానికి ఒక లోటు కూడా ఉంది: పేరు వాడకుండా ఆ శైలిలో ఎవరు ఎన్ని బొమ్మలు అచ్చువేసినా అది ఆపలేదు.

ఇక ‘ఎవరి సొంతమూ కాదు’ అన్న మాట. దీనిని నేను ఒప్పుకోను. నా చిన్నతనంలో మా ఊరికి పటం కథ వాళ్ళు వచ్చేవారు. సాయంకాలం రెండు గుంజల మధ్య పటాన్ని వేలాడదీసి, దీపం పెట్టి, హారతి ఇచ్చిన తర్వాతే కథ మొదలయ్యేది. పటాన్ని చూపవలసిన మేరకే విప్పేవారు. పిల్లలం తొందరపడి కింది భాగం చూడబోతే పెద్దాయన చేతికర్రతో మమ్మల్ని వెనక్కి నెట్టిన సంగతి నాకింకా గుర్తుంది. పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పేది కూనపులి వాళ్ళు, ముదిరాజులకు పాండవుల కథలు చెప్పేది కాకి పడిగెల వాళ్ళు, మాదిగలకు జాంబ పురాణం చెప్పేది డక్కలి వాళ్ళు. ఒకరి కథ మరొకరు చెప్పరు. ఏ కుటుంబం ఏ ఊళ్ళు తిరగాలో మిరాశీ హక్కుగా, అంటే వంశపారంపర్యపు హక్కుగా, పంచుకొని ఉండేది, ఒకరి మిరాశీ ఊరికి మరొకరు పోతే పంచాయితీ అయ్యేది. పటం గీసే నకాషీ చిత్రకారుడు కళ్ళను అన్నిటికన్నా చివర, మంచి గడియ చూసి దిద్దేవాడు. పాతబడి చిరిగిన పటాన్ని చెత్తలో వేయకుండా శాస్త్రోక్తంగా నీటిలో విడిచేవారు. కథకు, పటానికి, ఊరికి ఇంత కచ్చితమైన హక్కుల లెక్క ఉన్న చోట ‘ఎవరిదీ కాదు’ అనడం, ఆ లెక్క చట్టం పుస్తకంలో లేదు కనుక అసలు లేనే లేదనడం వంటిది.

మీరు వ్యాపారం మానుకోవాలని నేను అనడం లేదు. చింతగింజల అంబలి, సుద్దమట్టి, జిగురు పట్టించిన ఖాదీ మీద పటాలు గీసే కుటుంబాలు ఇప్పుడు కొద్దిగానే మిగిలాయి, వాటికి పని కావాలి. చేర్యాలకు వెళ్ళండి, అదేమంత దూరం కాదు. చిత్రకారునితో మీ చీరకు తగిన బొమ్మ గీయించుకోండి. దీనిలో ఒక మెలిక ఉంది, చిత్రకారులు కూడా తెలుసుకోవలసినది: మన కాపీరైటు చట్టం 17వ సెక్షను ప్రకారం డబ్బిచ్చి ప్రత్యేకంగా గీయించుకున్న చిత్రానికి, వేరే ఒప్పందం లేకపోతే, గీయించుకున్నవారే మొదటి హక్కుదారులు అవుతారు. అంటే నోటి మాట మీద ఆర్డరు తీసుకున్న చిత్రకారుడు ఆ బొమ్మను తానే మళ్ళీ వాడుకోలేని స్థితి రావచ్చు. కనుక ఆ హక్కు చిత్రకారుని దగ్గరే ఉంచి, చీరల మీద అచ్చువేసుకునే అనుమతి మాత్రం మీరు తీసుకొనేట్టు కాగితం రాసుకోండి. ఎన్ని చీరలు, ఎంత కాలం, చీరకు ఎంత అన్నది అందులో ఉండాలి. హక్కులను పూర్తిగా బదిలీ చేసే పత్రమైతే, కాలం రాయనప్పుడు ఐదేళ్ళుగా, ప్రాంతం రాయనప్పుడు భారతదేశం వరకుగా చట్టం లెక్కిస్తుంది. హక్కు ఎవరి చేతిలో ఉన్నా, తన బొమ్మకు తన పేరు ఉండాలని అడిగే అధికారం, దానిని తన పరువుకు భంగం కలిగేలా వికృతం చేస్తే అడ్డుకునే అధికారం 57వ సెక్షను కింద చిత్రకారునివే.

చీర అంచుకు కట్టే చీటీ మీద ‘చేర్యాల నకాషీ చిత్రకారులు ఫలానా వారి బొమ్మ ఆధారంగా యంత్రంపై అచ్చయినది’ అని రాయండి. ఇంత పొడుగు వాక్యం రాస్తే అమ్మకాలు తగ్గుతాయని మీకు అనిపించవచ్చు, కానీ నేనైతే అలాంటి చీటీ ఉన్న చీరనే కొంటాను.

ప్రశ్న: మాది ఉట్నూరు దగ్గర గోండు గూడెం. దీపావళి వేళ జరిగే మా దండారి పండుగ సమయంలో గుస్సాడీ నాట్యం చేసే వేషధారుల ఫొటోలు తీసుకున్న ఒక సంస్థ, వాటిని టీషర్టుల మీద, హోటల్ గోడల మీద వేస్తామని, అందుకు 5,000 రూపాయలు ఇస్తామని ఒక కాగితం పంపి నా మిత్రుని సంతకం అడుగుతోంది. గూడెం పెద్దలు వద్దంటున్నారు. తన ఫొటోకు తాను సంతకం పెడితే తప్పేమిటి అని అతడు అంటున్నాడు. (ఒక పాఠకుడు, ఉట్నూరు)

జవాబు: మీ మిత్రుని ముఖం అతనిది, కాదనలేము. కానీ ఆ సంస్థ కొంటున్నది అతని ముఖం కాదు. నెమలి పింఛాల టోపీ, ఒంటికి పూసిన బూడిద, భుజాన వేసుకున్న చర్మం, వీటన్నిటితో దండారి రోజుల్లో అతడు ధరించిన దైవరూపం. అది అతడొక్కడిదీ కాదు. అతని సంతకం ఒక్కటే సరిపోతుందా అన్న ఈ ప్రశ్న మీద ఆస్ట్రేలియాలో ఒక కేసే నడిచింది.

టెర్రీ యుంబులుల్ అనే శిల్పి తన వంశం వారి అంత్యక్రియల ఆచారాలకు సంబంధించిన వేగుచుక్క స్తంభాన్ని చెక్కాడు. తన హక్కుల విషయం చూసే ఒక సంస్థ ద్వారా ఆయన దాని బొమ్మను వాడుకునే అనుమతి కాగితం మీద సంతకం చేశాడు. 1988లో విడుదలైన పది డాలర్ల నోటు మీద ఆ స్తంభం బొమ్మ వచ్చింది. పవిత్రమైనదాన్ని డబ్బు మీద వేయనిచ్చావని ఆయనను సొంతవాళ్ళే నిలదీశారు. ఆయన కోర్టుకు వెళ్ళాడు, కానీ సంతకం ఉంది కనుక 1991లో ఓడిపోయాడు. మూలవాసీ సమాజాలకు తమ పవిత్ర వస్తువుల మీద ఉన్న హక్కును ఆస్ట్రేలియా కాపీరైటు చట్టం తగినంతగా గుర్తించడం లేదని ఆ న్యాయమూర్తే తీర్పులో ఒప్పుకున్నారు. తర్వాత 1998లో జాన్ బులున్ బులున్ అనే చిత్రకారుని కేసులో కోర్టు ఒక అడుగు ముందుకు వేసి, కాపీరైటు చిత్రకారునిదే అయినా, తన సమాజపు కట్టుబాటుకు విరుద్ధంగా ఆ బొమ్మను వాడకుండా చూసే బాధ్యత అతని మీద ఉంటుందని చెప్పింది. సమాజానికి కాపీరైటులో నేరుగా వాటా ఉందని మాత్రం అనలేదు. మీ పెద్దలు చెప్పింది ఇంచుమించు ఆ 1998 నాటి మాటే. మీ మిత్రుడు వాళ్ళ మాట వినడం మంచిది.

మన చట్టాల్లో మీకు ఉన్న ఆధారాలు కొన్ని అక్కడికన్నా స్పష్టమైనవే, వాటిని వాడుకునేవాళ్ళే తక్కువ. పంచాయతీ వ్యవస్థను షెడ్యూల్డు ప్రాంతాలకు విస్తరించిన 1996 నాటి పెసా చట్టం నాలుగవ సెక్షను, షెడ్యూల్డు ప్రాంతాల్లో ప్రజల సంప్రదాయాలను, ఆచారాలను, సాంస్కృతిక గుర్తింపును కాపాడుకునే శక్తి గ్రామసభకు ఉందని చెబుతుంది. 2006 నాటి అటవీ హక్కుల చట్టంలో భూమి పట్టాల గురించే అందరూ మాట్లాడతారు. అదే చట్టం మూడవ సెక్షను, జీవవైవిధ్యంతోనూ సాంస్కృతిక వైవిధ్యంతోనూ ముడిపడిన సంప్రదాయ జ్ఞానం మీద, మేధోసంపత్తి మీద సమాజానికి ఉమ్మడి హక్కు ఉందని గుర్తిస్తుంది. టీషర్టు మీది ఫొటో వరకు ఈ మాట ఎంత దూరం వస్తుందో కోర్టులోనే తేలవలసి ఉంటుంది, కానీ గ్రామసభ తీర్మానం చేతిలో ఉన్నవాళ్ళు అడిగే తీరు వేరుగా ఉంటుంది.

అందువల్ల ఆ కాగితం మీద ఒంటరిగా సంతకం పెట్టవద్దని మీ మిత్రునికి చెప్పండి. పటేలును, పెద్దలను, వేషం వేసిన మిగతావారిని కూర్చోబెట్టి గ్రామసభలో చర్చించండి. ఒప్పుకోకూడదని అంటే ఆ మాటే తీర్మానంగా రాసి సంస్థకు పంపండి. ఒప్పుకుంటే ఏ ఫొటోలు, ఏ వస్తువుల మీద, ఎన్నేళ్ళు, డబ్బు ఎవరి పేరున జమ కావాలి, ఇష్టం లేనప్పుడు ఎట్లా వెనక్కి తీసుకోవాలి అన్నవి గ్రామసభే నిర్ణయించాలి. గుస్సాడీని బయట ప్రపంచానికి చూపడమే తప్పని ఎవరూ అనడం లేదు. మార్లవాయికి చెందిన కనకరాజు గారు ఆ నాట్యాన్ని ఎందరికో నేర్పారు, వేదికల మీదికి తెచ్చారు, 2021లో పద్మశ్రీ అందుకున్నారు. గుస్సాడీ అలా బయటికి వెళ్ళడం గోండుల ఇష్టంతో, గోండుల చేతుల మీదుగా జరిగింది. హోటల్ గోడ మీద బొమ్మ విషయంలో ఆ ఇష్టాన్ని 5,000 రూపాయలకు ఒక్కరి దగ్గర కొనాలని చూస్తున్నారు. కోయల ఇలవేల్పుల పడిగెల్లాంటివి (వంశ కథల బొమ్మలున్న గుడ్డ జెండాలు) మరికొన్ని ఉన్నాయి. వాటిని కొలుపుల వేళ, చెప్పవలసినవాళ్ళే విప్పి కథ చెబుతారు. వాటికి ఎంత ధర ఇచ్చినా ‘లేదు’ అనే హక్కు ఆ వంశాలకు ఉండాలి.

ప్రశ్న: జనగామ దగ్గర మా పాత ఇంటి అటక మీద ఒక పొడవైన పటం దొరికింది. తాతల నాటిదంటున్నారు. హైదరాబాద్ నుంచి ఒక వ్యాపారి వచ్చి 40,000 ఇస్తానంటున్నాడు. అమ్మవచ్చునా? (ఒక పాఠకుడు, జనగామ)

జవాబు: ముందు పటం వయస్సు తేలాలి. నూరేళ్ళు దాటిన చిత్రమైతే అది 1972 నాటి చట్టం కింద పురావస్తువు అవుతుంది. దానిని రిజిస్టరు చేయించాలి, కొనే వ్యాపారికి లైసెన్సు ఉండాలి, ప్రైవేటు వ్యక్తులెవరూ దానిని దేశం దాటించకూడదు. పురావస్తు శాఖ అధికారులకు చూపి అడగండి. వ్యాపారిని లైసెన్సు చూపమనండి. చూపకపోతే మాట అక్కడితో ఆపేయండి.

వయస్సు తక్కువే అయినా మరొక పని చేయమని కోరుతున్నాను. పటం మీ అటక మీదికి ఎట్లా వచ్చిందో ఇంట్లో పెద్దవాళ్ళను అడగండి. కథకుల పటం అంటే వాళ్ళ బతుకుదెరువు, దానిని ఊరికే ఎవరి ఇంట్లోనో వదిలిపోరు. కరువు రోజుల్లో ధాన్యానికో అప్పుకో కుదువ పెట్టి విడిపించుకోలేకపోయారేమో, మీ తాతగారు భద్రంగా దాచమంటే దాచారేమో. పటంలో మొదటి బొమ్మలు చూస్తే అది ఏ పురాణమో, ఏ కులం వారికి చెప్పేదో చేర్యాల చిత్రకారులు గుర్తుపడతారు. దాన్నిబట్టి మీ ఊరు ఏ కథకుల మిరాశీలో ఉండేదో తెలుస్తుంది. ఆ కుటుంబం వాళ్ళు ఇప్పటికీ మీ మండలంలోనో పక్క మండలంలోనో ఉండి ఉండవచ్చు. వ్యాపారికి జవాబు చెప్పే ముందు వాళ్ళకు కబురు పంపండి. వాళ్ళు వచ్చిన రోజు పటాన్ని మీరు విప్పకుండా వాళ్ళనే విప్పమనండి.